ఆదిలాబాదు సీమ: హద్దులును జనులును

జిల్లా యననేమి యని యడిగినచో మనలో పెక్కుమంది కలెక్టరు కచ్చేరి యున్న పట్టణము పేరు చెప్పుదురు. పన్నులకును పాలనకును సర్కారు ఏర్పరచిన హద్దే జిల్లా. మన రావిర్యాల మొదట హైదరాబాదు జిల్లాలో నుండెను. 1978లో రంగారెడ్డి జిల్లా ఏర్పడగా అందు చేరెను. 2016లో ఆ జిల్లాయు విభజింపబడెను. ఇన్ని మార్పులు జరిగినను మన యిండ్లలోని భాష మారలేదు, పొలము మీది హక్కు మారలేదు, ఆడపిల్ల నిచ్చిన ఊరు పరదేశము కాలేదు. కావున హద్దు మారుట మనకు గొప్ప విషయముగా తోచదు. అట్లుగాక, హద్దుతోపాటు మనుష్యుని హక్కును, బడిలోని భాషయు మారిపోయిన సీమ యొకటి మన రాష్ట్రపు ఉత్తరపు కొనయందు గలదు. అదియే ఆదిలాబాదు. నేటి ప్రసంగమున ఆ సీమను గూర్చియు, అందలి జనులను గూర్చియు విన్నవించెదను.

హైదరాబాదునుండి నాగపురము పోవు బాటను సుమారు మూడువందల కిలోమీటర్లు ఉత్తరముగా పోయినచో ఆదిలాబాదు పట్టణము చేరుదుము. త్రోవలో సోను వద్ద గోదావరిని దాటి, నిర్మలు మీదుగా మహబూబు ఘాటు ఎక్కవలెను. 2016కు పూర్వపు ఆదిలాబాదు జిల్లా వైశాల్యము సుమారు 16,000 చదరపు కిలోమీటర్లు. దానికి దక్షిణమున గోదావరి, ఉత్తరమున పెన్‌గంగ, ఈశాన్యమున వార్ధా, తూర్పున ప్రాణహిత ప్రవహించుచున్నవి. నదులే కోటగోడలుగా నిలిచిన సీమ యిది. నడుమ సహ్యాద్రి శాఖయగు సాత్మల కొండలు పడమటినుండి తూర్పునకు వ్యాపించియున్నవి. ఆ కొండలలో పుట్టిన కడెము వాగు కుంటాల వద్ద సుమారు 45 మీటర్ల యెత్తునుండి దూకి, పిదప గోదావరిలో కలియును.

మన వైపు గుండ్రాళ్ల గుట్టలును, ఎర్రచెలకలును, చెరువులును ఎక్కువ. అచ్చట పెన్‌గంగ యొడ్డున నల్లరేగడి. అందు ప్రత్తి, జొన్న, సోయా పండును. కొండలమీద టేకు అడవి. ఆ చెట్లు వేసవిలో ఆకు రాల్చి, తొలకరికి మరల చిగిర్చును. తూర్పున బెల్లంపల్లి, మంచిర్యాల ప్రాంతములలో భూగర్భమున బొగ్గు గలదు. వానలు మనకంటె అధికము. చలికాలమున మన రాష్ట్రమందు మిక్కిలి చలి పడునదియు ఆ కొండలమీదనే.

ఇక జనులు. ఆ కొండలలో సంఖ్యచే పెద్దవారు రాజగోండులు. వారు తమను కోయితూరులని చెప్పుకొందురు. ఒకప్పుడు చాందా రాజధానిగా గోండు రాజులు ఏలిరి. 1751లో ఆ రాజ్యము నాగపురపు భోంసలేల వశమయ్యెను. గోండులలో నాలుగు, అయిదు, ఆరు, ఏడు సగలు అను విభాగములు కలవు. ఒక్క సగవారు అన్నదమ్ములు. వారిలో వారికి పెండ్లి కూడదు. మన గోత్రమర్యాదను ఎరిగినవారికి ఇది వింత కాదు.

గోండుల ప్రక్కనే కోలాములు నివసింతురు. తెలుగువారు వీరిని మన్నెవార్లందురు. వెదురుతో తట్టలు, బుట్టలు అల్లుటయందు వీరు నేర్పరులు. వెనుక కొండవాలులయందు పోడు కొట్టి జీవించిరి. సంఖ్యచే చిన్నవారైనను వీరికి గొప్ప గౌరవమొకటి కలదు. అడవిదేవతలను శాంతింపజేయుటకు గోండులు కోలాములనే పిలుతురు. కావుననే వారిని పూజారులని వ్యవహరింతురు. గోండుల వంశచరిత్రలను కీక్రీ యను వాద్యముతో గానము చేయువారు ప్రధానులు. వీరు ఇంట మరాఠీ మాటాడుదురు, పాట మాత్రము గోండిలో పాడుదురు. తోటులును అట్టి గాయకులే. కంచు, ఇత్తడి పోతపోసి దేవతల బొమ్మలును గంటలును చేయువారు ఓజలు. ఒకడు పండించును, ఒకడు పూజించును, ఒకడు వంశము నిలుపు పాట పాడును, ఒకడు గంట పోసి యిచ్చును. మన గ్రామములయందలి మిరాశీ వృత్తులను ఎరిగిన పెద్దలకు ఈ కట్టుబాటు సులభముగా బోధపడును.

వీరుగాక నాయకపోడులు, మరాఠీ పలుకు ఆంధులు, తండాలయందు తమ గోరుబోలి మాటాడు లంబాడీలు కలరు. నిర్మలు, ఆదిలాబాదు పట్టణములలో ఉర్దూ వినవచ్చును. తూర్పు పాకిస్తాను విడిచి వచ్చిన వంగదేశీయుల ఊళ్లు కాగజ్‌నగరు ప్రాంతమున నున్నవి. బొగ్గుగనులకును కాగితపు మిల్లుకును నానాప్రాంతములనుండి కూలీలు వచ్చి స్థిరపడిరి.

భాషల విషయము కొంచెము విచారింతము. గోండియు, కోలామీయు ద్రావిడ భాషలే. అందు గోండి మన తెలుగునకు మిక్కిలి చేరువయని భాషావేత్తల నిర్ణయము. మనము రెండు, మూడు, నాలుగు అన్నచోట గోండులు రండ్, మూండ్, నాలుంగ్ అందురు. నీటిని ఏర్ అందురు. మన ఏరు జ్ఞప్తికి రాకమానదు. ఇంత చుట్టరికమున్నను ఒకరి మాట ఒకరికి తెలియదు. నేను బడిపంతులుగా బ్రతికినవాడను గనుక ఈ మాట గట్టిగా చెప్పుదును: ఇంట గోండి విని పెరిగిన పసివానికి తెలుగు వాచకము తొలినాడు పరభాషయే. వాడు మందమతియై యూరకుండుట లేదు, అర్థముగాక యూరకుండును.

ఈ సంగతిని సర్కారు గ్రహించుటకు ముందు రక్తము చిందెను. అడవి రక్షణమను పేర గోండులను భూములనుండి వెడలగొట్టుచుండగా, కుమురం భీము తనవారిని కూడగట్టి యెదిరించి, 1940లో ఆశ్వయుజ పౌర్ణమి నాడు జోడేఘాటు వద్ద నిజాము పోలీసుల తుపాకులకు బలియయ్యెను. అటుపిమ్మటనే ప్రభుత్వమువారు ఈ జనుల స్థితి విచారింపుమని ఆస్ట్రియా దేశీయుడగు హైమండార్ఫు పండితుని కోరిరి. ఆయన భార్యాసహితుడై మార్లవాయి గ్రామమున పూరియింట నివసించి, వారి భాష నేర్చి, కష్టములు విని, ప్రభుత్వమునకు నివేదించెను. 1943లో మార్లవాయియందు గోండు ఉపాధ్యాయులకు శిక్షణాలయము తెరవబడెను. గోండి వాచకములు దేవనాగరి లిపిలో అచ్చయ్యెను. లక్ష యెకరములకు మించిన భూమికి గిరిజనులు పట్టాలు పొందిరి. హైమండార్ఫు దంపతుల సమాధులు నేటికిని మార్లవాయిలో నున్నవి.

ఇక హద్దుల మాట. 1956లో భాషనుబట్టి రాష్ట్రములను విభజించినప్పుడు ఆదిలాబాదు జిల్లాలోని రాజూర, కిన్వటు తాలూకాలు మరాఠీ సీమయని బొంబాయి రాష్ట్రమున చేరెను. ముధోలు తాలూకా నాందేడునుండి ఇటు వచ్చెను. తెలుగువారికిని మరాఠీలకును ఇది న్యాయముగనే తోచెను. అయితే ఆ గీతకు ఇరువైపుల నున్న గోండుల భాష తెలుగూ కాదు, మరాఠీయూ కాదు. ఒక్క సగకు చెందిన అన్నదమ్ములలో ఒకని బిడ్డ తెలుగు బడికిని, ఒకని బిడ్డ మరాఠీ బడికిని పోవలసివచ్చెను. భాషకొక రాష్ట్రమను న్యాయమున వారి భాష లెక్కకు రాలేదు.

ఫలితములు అంతటితో ఆగలేదు. 1976 నాటి చట్టముచే మన వైపు లంబాడీలు షెడ్యూల్డు తెగలలో చేర్చబడిరి. మహారాష్ట్రమున వారు ఆ పట్టికలో లేరు. గీత దాటినంత మాత్రమున హక్కు మారిపోవుటచే వలసలు హెచ్చినవనియు, తమ భూములును చదువులును ఉద్యోగములును తగ్గుచున్నవనియు గోండులు మొరపెట్టుకొనిరి. 2017లో ఈ వివాదము కలహముగా పరిణమించెను. లంబాడీలును బీదలే; ఎండలో పాటుపడి నేల దున్నినవారే. కావున ఇందు ఒక జాతిని దోషిగా నిలుపుట తగదు. ఇద్దరు బీదల నడుమ హద్దు తెచ్చిపెట్టిన తగవు ఇది. భూమి విషయము ఎంత తీవ్రమైనదో 1981 ఏప్రిలు 20వ తేదీ చాటుచున్నది. నాడు ఇంద్రవెల్లిలో సోమవారపు సంత. భూమికై సభ చేయ వచ్చిన గిరిజనులపై పోలీసులు కాల్పులు జరుపగా, సర్కారు లెక్క ప్రకారమే పదమూడుగురు మరణించిరి. షెడ్యూల్డు ప్రాంతములలో గిరిజనుల భూమి పరుల పాలు గాకుండ 1970 నాటి చట్టము అప్పటికే యుండెను. చట్టము వ్రాయబడినంతనే చేను దక్కదని ఆ దినము తెలిపెను.

మరియొక విచిత్రము. కెరమెరి ప్రాంతపు సరిహద్దు గ్రామములు కొన్నింటిని ఉభయ రాష్ట్రములును తమవే యనెను. అచ్చటివారు ఏండ్ల తరబడి రెండు రాష్ట్రముల రేషను కార్డులు కలిగి, రెండు ఎన్నికలలోను ఓటు వేసిరి. వినుటకు ఇది లాభముగా తోచును. ఇద్దరికి చెందిన ఎద్దును ఎవ్వడును మేపడని రైతు లెరుగుదురు. భూమి పట్టా ఎవ్వరివలన పొందవలయునో తెలియనివానికి రెండు కార్డులు ఎంతటి యూరట?

2016 దసరా నాడు ఆ జిల్లా ఆదిలాబాదు, కుమురం భీము ఆసిఫాబాదు, మంచిర్యాల, నిర్మలు అను నాలుగు జిల్లాలయ్యెను. ఆఫీసు చేరువయగుట మేలే. అయినను ప్రతి పుష్య మాసమున మెస్రం వంశీయులు కేస్లాపురము నాగోబా పూజకై గోదావరి జలము తెచ్చుటకు కాలినడకను హస్తినమడుగునకు పోవుదురు. ఆ మడుగు మంచిర్యాల జిల్లాలోనిది, కేస్లాపురము ఆదిలాబాదు జిల్లాలోనిది. అమావాస్య నాటి పూజకు మహారాష్ట్రమందలి మెస్రములును వత్తురు. వచ్చినవానిని ఏ రాష్ట్రమువాడవని యడుగరు. ఏ వంశమువాడవని యడుగుదురు.

పెద్దలారా, ఆ జిల్లాలకు మన పిల్లలు ఉపాధ్యాయులుగను, పట్వారీల స్థానమున వచ్చిన ఉద్యోగులుగను, వర్తకులుగను పోవుచున్నారు. పోవువారితో ఈ రెండు మాటలు చెప్పి పంపుడు: అచ్చటి మనుష్యుని వంశము పేరును, ఇంటి భాషయు మొదట తెలిసికొనుము, అతని చేను ఎవ్వరి పేర నున్నదో పిదప విచారింపుము. ఇవి తెలియక చేసిన ఉద్యోగము ఆ సీమకు ఉపకరింపదు. ఇంతటితో నా ప్రసంగమును ముగించుచున్నాను.