కాలజ్ఞానలేఖకుఁడు: కథయుఁ బాఠమును

నంద్యాలకు నైరృతిదిశ బనగానపల్లె కలదు. పదునేడవ శతాబ్దివాఁడని సంప్రదాయము చెప్పు పోతులూరి వీరబ్రహ్మేంద్రస్వామి యచట గరిమిరెడ్డి అచ్చమ్మయింట గోవులఁ గాచెనఁట. రవ్వలకొండపై గోవులచుట్టును గఱ్ఱతో వలయము గీచి, యవి దానిని దాటక మేయుచుండఁగాఁ దాను గుహలోఁ దాటాకులపైఁ గాలజ్ఞానము వ్రాసెనని కథ. ఇట్లు నేలపై గీఁతకును, ఆకుపై వ్రాఁతకును గూడ లోకము మహిమ నారోపించినది. ఆ యాకులను బనగానపల్లెలోఁ బాతి, పైని జింతచెట్టు నాటెననియు, అదియే చింతమాను మఠమనియుఁ జెప్పుదురు. పిమ్మట నాయన, నంద్యాలనుండి ఆళ్లగడ్డమీఁదుగా మైదుకూరికిఁ బోవు బాటకుఁ దూర్పుననున్న కందిమల్లాయపల్లె చేరి, 1693లో సజీవసమాధి నొందెనని ప్రసిద్ధి.

ఈ కథ పాఠపరిష్కర్తకుఁ జిక్కు కల్పించుచున్నది. మూలము భూగర్భమున నున్నదను నమ్మకము గలచోట, ఏ ప్రతిని సరిచూచుటకును మూలము దొరకదు. ఏ ప్రతినిఁ ద్రోసివేయుటకును ఆధారము దొరకదు. గంటముతో వ్రాసి మసి పూసిన తాటాకు చెదలకుఁ, దేమకు లోనగును. కావున మనదేశమున గ్రంథములు నిలిచినది దాఁచుటవలనఁ గాదు, మరల మరలఁ బ్రతులు వ్రాయుటవలననే. కాలజ్ఞానమో, తత్త్వములతోఁ బాటు నోటనుండి నోటికిని సాగినది. క్రొత్త వింత పుట్టినప్పుడెల్లఁ దానికిఁ దగిన మాట చేరుట కెడమున్నది. ఎద్దులు లేని బండ్లను గూర్చిన ప్రసిద్ధవాక్యమునే తీసికొనుఁడు. అది పొగబండికి ముందటి ప్రతిలోనున్న నొక విలువ. తరువాతి ముద్రణములలోనే యున్న వేఱొక విలువ. కావున వాక్యము ఫలించెనా యని యడుగుటకు ముందు, ఏ కాలపుఁ బ్రతిలోఁ దొలుతఁ గానవచ్చెనని యడుగవలెను. భక్తి కిందు హాని లేదు. లేఖకుని మాటను బిదపివారి మాటనుండి వేఱుచేయుటయే యాయనకుఁ జేయఁదగిన గౌరవము.