మౌన తీరాలకు సాక్షి

చేపలన్నిటిలోను అతిపెద్దది తిమింగల సొరచేప. పన్నెండు మీటర్లకు మించి కూడ పెరుగుతుంది. అయినను మనిషికి హాని చేయదు. నోరు తెరచుకొని నెమ్మదిగా ఈదుతూ, నీటిలోని సూక్ష్మజీవులను, చిరుచేపలను వడగట్టుకొని తింటుంది. ఆ నెమ్మదితనమే దానికి శత్రువైంది.

గుజరాత్‌లోని సౌరాష్ట్ర తీరవాసులు దీనిని ఒకప్పుడు 'బ్యారెల్' అనేవారు. ఆ పేరు వెనుక ఉన్నది ఒక క్రూరమైన వేట. పెద్ద కొక్కేన్ని దాని దేహంలో గుచ్చి, తాడుకు ఖాళీ పీపాలను కట్టి విడిచేవారు. తేలే పీపాలు లోతుకు పోనీయక వెనక్కు లాగుతుంటే, ఆ ప్రాణి పెనుగులాడి, అలసి, చివరకు చిక్కేది. దాని కాలేయం నుండి తీసిన నూనెను పడవల చెక్కకు నీరు పట్టకుండ పూసేవారు. మాంసం విదేశాలకు పోయేది. తీరమంతటికీ తెలిసిన ఈ సంగతి దేశానికి తెలియదు.

దానిని దేశం కళ్లముందు నిలిపినవారు వన్యప్రాణి చిత్రాల దర్శకులు మైక్ పాండే. ఆయన 'షోర్స్ ఆఫ్ సైలెన్స్' 2000లో వెలువడింది. పువ్వులను, పక్షులను చిత్రించడం ఒక ఎత్తు; నెత్తురోడుతున్న ప్రాణి ఎదుట చేయి వణకక నిలవడం మరొక ఎత్తు. అక్కడ కెమెరా కాపాడలేదు, సాక్ష్యం మాత్రమే చెప్పగలదు.

ఆ సాక్ష్యం వృథా కాలేదు. ఆ చిత్రానికి 'గ్రీన్ ఆస్కార్'గా పేరొందిన పాండా పురస్కారం లభించింది. అంతకంటె విలువైన ఫలితం 2001లో వచ్చింది. కేంద్రప్రభుత్వం తిమింగల సొరను 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టంలోని మొదటి షెడ్యూలులో, పులి సరసన చేర్చింది. ఆ చట్టపు రక్షణ పొందిన తొలి చేప ఇదే.

అయితే చిక్కు అంతటితో తీరలేదు. వలలో పడిన చేపను విడిపించాలంటే వలను కోయవలసిందే. వల జాలరి జీవనాధారం. 2004లో స్వచ్ఛంద సంస్థలు, అటవీశాఖ కలిసి ప్రచారం చేపట్టాయి. ప్రవచనకర్త మొరారి బాపు ఈ చేపను పురిటికి పుట్టింటికి వచ్చే ఆడపడుచుతో పోల్చారు. 'బ్యారెల్' కాస్తా 'వ్హాలీ', అంటే ప్రియమైనది, అయింది. కోసిన వలకు పరిహారమూ ఏర్పడింది. ఆడపడుచు అన్న మాట మనసును కదిలించినా, వల ఖరీదు ముట్టనిదే ఇల్లు గడవదు కదా!

తరువాత జాలరుల చేతికే తడవని కెమెరాలు ఇచ్చారు. కోసిన వలను, విడిచిన చేపను వారే చిత్రిస్తారు. ఆ చిత్రమే పరిహారానికి ఆధారం. అధికారులు వచ్చి చూచేవరకు చేప వలలో కొట్టుకొనవలసిన అగత్యం అలా తప్పింది.