వరం, యంత్రం, నియమం: కాలాంతర–లోకాంతర ప్రయాణకథల్లో సాధనం పాత్ర

వ్యాససంగ్రహం:
ఒక కాలం నుండి మరో కాలానికి, ఒక లోకం నుండి దానికి సమాంతరమైన మరో లోకానికి పాత్రలను చేర్చే కల్పిత సాధనం కథానిర్మాణంలో నిర్వహించే పాత్రను ఈ వ్యాసం వివరిస్తుంది. సాధనానికి ఉన్న శక్తి కంటే, దానికి రచయిత విధించిన పరిమితులే కథను నడిపిస్తాయని నాలుగు సందర్భాల ఆధారంగా నిరూపించడం దీని ఉద్దేశం.

కీలకపదాలు: విజ్ఞాన కల్పన, కాలయంత్రం, సమాంతర లోకాలు, లీలోపాఖ్యానం, ఆదిత్య 369.

1. ఉపోద్ఘాతం:

కాలప్రయాణం గురించి తెలుగులో జరిగే చర్చల్లో రెండు వాదాలు తరచుగా వినిపిస్తాయి. ఆ భావన మన పురాణాల్లో ఏనాడో ఉందన్నది మొదటిది. అది పూర్తిగా పాశ్చాత్య సాహిత్యం నుండి దిగుమతి అయిందన్నది రెండవది. ఈ రెండు వాదాలూ ప్రయాణాన్ని గమనిస్తున్నాయే తప్ప, ఆ ప్రయాణం దేనివల్ల సాధ్యమైందన్న ప్రశ్నను పట్టించుకోవడం లేదు. సాధనం ఎవరి అధీనంలో ఉంది? తిరుగుదారి ఉందా? ప్రయాణానికి చెల్లించవలసిన మూల్యం ఏమిటి? ఈ మూడు ప్రశ్నలు వేసుకుంటే పురాణకథకూ ఆధునిక కల్పనకూ ఉన్న సంబంధం, భేదం రెండూ స్పష్టమవుతాయి.

2. సాధనం లేని ప్రయాణం:

భాగవతం నవమస్కంధంలోని కకుద్మి వృత్తాంతం ప్రసిద్ధమైనది. తన కుమార్తె రేవతికి తగిన వరుడెవరో అడగడానికి అతడు ఆమెతో బ్రహ్మలోకానికి వెళ్తాడు. అక్కడ గంధర్వగానం జరుగుతుండగా కొద్దిసేపు వేచి ఉంటాడు. ఆ లోపల భూమిపై ఇరవైయేడు మహాయుగాలు గడిచిపోతాయి. అతడు మనసులో అనుకున్న వరుల వంశాల పేర్లు సైతం మిగలవు. ఇక్కడ కాలాంతరం ఉంది. కాని అది ప్రయాణికుడు కోరుకున్నది కాదు. లోకానికొక కాలగతి ఉండడం వల్ల తెలియకుండానే జరిగిపోయినది. గడిచిన కాలానికి తిరిగి వెళ్ళే దారి కూడా లేదు. బలరామునితో రేవతి వివాహం జరిగినా, కకుద్మి పోగొట్టుకున్న లోకం పోయినట్లే.

సమాంతర లోకాల విషయంలో యోగవాసిష్ఠం ఉత్పత్తి ప్రకరణంలోని లీలోపాఖ్యానం మరింత విలక్షణమైనది. ఈ గ్రంథాన్ని మడికి సింగన ‘వాసిష్ఠ రామాయణం’గా తెలుగు చేశాడు. భర్త పద్మమహారాజు మరణించగా, లీల సరస్వతీదేవి అనుగ్రహంతో అతడు మరో లోకంలో విదూరథుడనే రాజుగా జీవిస్తుండడం చూస్తుంది. అంతకుముందు అతడు వసిష్ఠుడనే బ్రాహ్మణుడని, ఆ బ్రాహ్మణుడు మరణించి ఎనిమిది రోజులే అయిందని దేవి చెబుతుంది. పద్ముని జీవితమంతా మరో లోకపు ఎనిమిది రోజుల్లో ఇమిడిపోయిందన్నమాట. లీల ప్రయాణానికి ఆధారం వరం. అది ఇచ్చేవారి దయపై ఆధారపడినది. కనుక అది చెడిపోదు, దొంగల పాలు కాదు, మరొకరి చేతికి పోదు.

3. వెల్స్ యంత్రం – ప్రయాణికుని అధీనం:

పాశ్చాత్య సాహిత్యంలోనూ సాధనం మొదటినుండీ ఉన్నది కాదు. మార్క్ ట్వైన్ 1889 నాటి నవలలో కథానాయకుడు తలకు తగిలిన దెబ్బతో ఆర్థర్ రాజు కాలానికి చేరుతాడు. స్పానిష్ రచయిత ఎన్రికే గాస్పార్ 1887లోనే కాలంలో పయనించే వాహనాన్ని ఊహించినా, ‘టైమ్ మెషీన్’ అన్న పేరు స్థిరపడింది హెచ్.జి.వెల్స్ 1895లో ప్రచురించిన నవలతోనే.

వెల్స్ యంత్రానికి రెండు మీటలుంటాయి. ఒకటి భవిష్యత్తుకు, మరొకటి గతానికి. అది కాలంలోనే కదులుతుంది, స్థలంలో కదలదు. ఈ నియమమే కథకు ప్రాణం. 8,02,701వ సంవత్సరంలో దిగిన ప్రయాణికుడు మీటలు ఊడదీసి జేబులో వేసుకుంటాడు. అయినా మోర్లాక్‌లు యంత్రాన్ని స్ఫింక్స్ విగ్రహపీఠంలోకి లాక్కుపోతారు. చివరికి అతడు ఇల్లు చేరినప్పుడు యంత్రం ప్రయోగశాలలో బయలుదేరిన మూల కాక మరో మూల నిలుస్తుంది. అది పచ్చిక నుండి పీఠం వరకు జరిగినంత దూరమే ఇక్కడా జరిగింది. ఇదంతా నిజమని నమ్మించడానికి వెల్స్ సిద్ధాంతాన్ని వల్లించలేదు. ఒక నియమం పెట్టి దానికి కట్టుబడ్డాడు. వరానికి లేని లక్షణం ఇదే: యంత్రం మనిషి చేతిలో ఉంటుంది, అందువల్ల మనిషి చేజారగలదు.

4. లోకాల మధ్య కత్తి – మూల్యం:

సమాంతర లోకాలకు సంబంధించిన సాధనాల్లో ఫిలిప్ పుల్‌మన్ ‘ద సటిల్ నైఫ్’ (1997) నవలలోని కత్తి గమనార్హమైనది. అది గాలిని కోసి లోకం నుండి లోకానికి కిటికీ తెరుస్తుంది. అయితే తెరిచిన ప్రతిసారీ మనుషుల చైతన్యాన్ని హరించే ఒక ప్రేతం పుడుతుందని తరువాతి నవల ‘ద ఆంబర్ స్పైగ్లాస్’ (2000) వెల్లడిస్తుంది. తనది కాని లోకంలో మనిషి ఎక్కువకాలం ఆరోగ్యంగా బతకలేడన్నది మరో నియమం. ఈ రెండింటి ఫలితంగా విల్, లైరా ఎవరి లోకానికి వారు మరలిపోవలసి వస్తుంది. విల్ కత్తిని విరిచేస్తాడు. ఆ విషాదం పైనుండి అతికించినది కాదు, సాధనపు నియమాల నుండే పుట్టినది.

5. ఆదిత్య 369 – చరిత్రతో ముఖాముఖి:

సింగీతం శ్రీనివాసరావు దర్శకత్వం వహించిన ‘ఆదిత్య 369’ (1991) కాలయంత్రాన్ని తెలుగు ప్రేక్షకులకు సన్నిహితం చేసింది. ఇందులో యంత్రం ఒక శాస్త్రవేత్త నిర్మాణం. కథానాయకుడు కృష్ణకుమార్ దానిలో 1526 నాటి విజయనగరానికి, ఆపైన 2504కు చేరుతాడు. 1526 శ్రీకృష్ణదేవరాయల పాలనాకాలం (1509–1529) లోనిది. రాయలుగాను, కృష్ణకుమార్‌గాను బాలకృష్ణే నటించడం వల్ల వర్తమానం తాను కీర్తించుకునే గతానికి ఎదురుగా నిలబడుతుంది. 2504 ప్రపంచం అణుయుద్ధానంతరపు భూగర్భ జీవితం. ఒకే యంత్రం వైభవాన్నీ వినాశాన్నీ చూపి, ఈ రెంటి నడుమ బాధ్యత వర్తమానానిదేనని సూచిస్తుంది. యంత్రం ఊహ వెల్స్‌ది కావచ్చు. అది చేరిన గమ్యం మాత్రం తెలుగువారి చారిత్రక స్మృతి.

6. ముగింపు:

కకుద్మికి తిరుగుదారి లేదు. లీలకు దారి ఉన్నా దాని తాళం దేవత చేతిలో ఉంది. వెల్స్ ప్రయాణికునికి తాళం దొరికింది, దానితోపాటు దాన్ని పోగొట్టుకునే భయమూ వచ్చింది. విల్ ఆ తాళాన్ని తానే విరిచాడు. కాలం, లోకం ఒక్కటే కావన్న ఊహ పురాణాల్లో పరిపక్వంగా ఉంది; ఆ ఊహను మనిషి చేతికిచ్చి, దాని ఫలితానికి అతణ్ణే జవాబుదారీని చేయడం ఆధునిక కల్పన చేసిన పని. కనుక ‘మనకు ముందే ఉంది’ అనడం వల్ల పురాణానికి గౌరవం పెరగదు, ‘మనది కాదు’ అనడం వల్ల విమర్శకు స్పష్టత రాదు. ఇకపై తెలుగు విజ్ఞాన కల్పనను పరిశీలించేవారు సాధనం ఏమి చేయగలదన్న ప్రశ్నతో ఆగక, ఏమి చేయలేదో, ఎందుకు చేయలేదో అడగడం అవసరం. కథలోని నైతికత అక్కడే ఉంటుంది.