హాట్ అండ్ సోర్ సూపు: మన వంటింట్లో, నిస్సందేహంగా

కుటుంబమంతా కలిసి హోటలుకు వెళ్ళినప్పుడు పిల్లలు తరచుగా ముందు కోరేది హాట్ అండ్ సోర్ సూపే. పొగలు కక్కే ఆ గిన్నె బల్ల మీదికి రాగానే తల్లి మనసులో ప్రశ్నలు మెదులుతాయి. ఇందులోని కోడిని ఎవరు, ఎలా జబహ్ చేశారు? రుచి కోసం మద్యం వంటిదేమైనా పోశారా? అడిగితే వడ్డించే యువకుడు “అంతా హలాలే అమ్మా” అంటాడు. వంటగదిలో జరిగేది అతనికి నిజంగా తెలుసో లేదో మనకు తెలియదు. సందేహాస్పదమైన వాటికి దూరంగా ఉన్నవాడు తన ధర్మాన్నీ గౌరవాన్నీ కాపాడుకుంటాడన్న దైవప్రవక్త (సల్లల్లాహు అలైహి వసల్లం) బోధన ఇటువంటి వేళల్లోనే గుర్తుకు వస్తుంది.

అంతమాత్రాన పిల్లలకు ఆ రుచిని దూరం చేయనవసరం లేదు. సందేహం ఎక్కడ ఉన్నదో తెలుసుకుంటే, దానిని తొలగించి ఇంట్లోనే వండుకోవచ్చు.

చైనాలో ఈ సూపు పేరు ‘సువాన్ లా థాంగ్’. సువాన్ అంటే పులుపు, లా అంటే కారం, థాంగ్ అంటే సూపు. అక్కడి సంప్రదాయ వంటకంలో కారం మిరపకాయ నుంచి కాక తెల్ల మిరియాల నుంచి వస్తుంది. పులుపు ధాన్యంతో చేసిన నల్లని సిర్కా నుంచి వస్తుంది. టోఫు, నల్ల పుట్టగొడుగులు, వెదురు మొలకలు, గుడ్డు వేసి పిండి నీళ్ళతో చిక్కబరుస్తారు. ముస్లిమేతరుల ఇళ్ళలో దీనిలో పంది మాంసం, కొన్నిచోట్ల గడ్డకట్టించిన రక్తం, బియ్యపు మద్యం కూడా చేరుతాయి. మనకు నిషిద్ధమైనవి ఈ మూడే. వీటిలో ఏ ఒక్కటీ సూపుకు పులుపునుగానీ కారాన్నిగానీ ఇచ్చేది కాదు. వాటిని తీసివేసినా సూపు సూపుగానే నిలుస్తుంది.

ఇలా తీసివేయడం మనతో మొదలైన పని కాదు. చైనాలో కోటికి పైగా ఉన్న హుయీ ముస్లింలు తరతరాలుగా అక్కడి వంటలను హలాల్ పరిధిలోనే వండుకుంటున్నారు. వారి భోజనశాలలపై ‘ఛింగ్‌జెన్’ అన్న మాట కనిపిస్తుంది. స్వచ్ఛమైనది, సత్యమైనది అని దాని అర్థం. షీఆన్ నగరపు ప్రాచీన పెద్ద మసీదు పరిసర వీధులలో పశుమాంసపు ఉండలు, మిరియాలు వేసిన ‘హు లా థాంగ్’ అనే చిక్కటి సూపును ఉదయపు అల్పాహారంగా తీసుకుంటారు.

ఇక సిర్కా విషయం. ఒకసారి దైవప్రవక్త (స) రొట్టెతో తినడానికి ఏముందని ఇంటివారిని అడిగారు. సిర్కా తప్ప మరేమీ లేదన్నారు. ఆయన దానినే తెప్పించుకుని, అది ఎంత మంచి ఆధరువో అని మెచ్చుకుంటూ ఆరగించారు. జాబిర్ (రజి) తెలిపిన ఈ హదీసు సహీహ్ ముస్లింలో ఉంది. మద్యం తనంతట తానే సిర్కాగా మారితే అది ధర్మసమ్మతమేనని పండితులు అంగీకరించారు. మనిషి మరో పదార్థం కలిపి మార్చిన దాని విషయంలో భిన్నాభిప్రాయాలున్నాయి. హనఫీ పండితులు దానినీ అనుమతించారు, షాఫయీ పండితులు అనుమతించలేదు. మన బజారులో దొరికే చౌక సిర్కా చాలావరకు అసిటిక్ ఆమ్లాన్ని నీటిలో కలిపి చేసినది. సింథటిక్ అన్న మాట దాని సీసాపై ఉంటుంది.

కొనేటప్పుడు మరి కొన్ని జాగ్రత్తలు అవసరం. సోయా సాస్ సహజంగా పులిసేటప్పుడు స్వల్పంగా ఆల్కహాలు పుడుతుంది. కొన్ని రకాలలో నిల్వ కోసం విడిగా కూడా కలుపుతారు. కనుక పదార్థాల జాబితా చదవండి, వీలైతే హలాల్ ధ్రువీకరణ ఉన్నదే ఎంచుకోండి. ఆకుపచ్చ చుక్క శాకాహారమని మాత్రమే తెలుపుతుంది, మద్యం లేదని కాదు. చికెన్ సూపు పొడులు, క్యూబులలోని కోడి జబహ్ చేసినదో కాదో కూడా చూసుకోవాలి. వండితే మద్యం ఆవిరైపోతుందనే మాట సరికాదు. పావుగంట ఉడికించినా దాదాపు 40 శాతం మిగులుతుందని అమెరికా వ్యవసాయ శాఖ పట్టికలు చెబుతున్నాయి. పైగా మిగిలినది ఎంత అన్నది కాదు, మద్యాన్ని వంటలో పోయడమే మనకు తగదు.

నలుగురికి కావలసినవి: హలాల్ కోడి మాంసం 150 గ్రాములు, కోడి ఎముకలు ఉడికించిన నీళ్ళు 1 లీటరు, పుట్టగొడుగులు 100 గ్రాములు, టోఫు 100 గ్రాములు, క్యారెట్ 1, అల్లం తురుము 1 చెంచా, సోయా సాస్ 1½ పెద్ద చెంచాలు, సిర్కా 3 పెద్ద చెంచాలు, తెల్ల మిరియాల పొడి 1 చెంచా, మొక్కజొన్న పిండి 3 పెద్ద చెంచాలు, గుడ్డు 1, నువ్వుల నూనె అర చెంచా, ఉల్లికాడలు కొన్ని, ఉప్పు తగినంత. తెల్ల మిరియాలు లేకుంటే నల్లవి వాడవచ్చు.

బిస్మిల్లాహ్ అని మొదలుపెట్టండి. మాంసం, క్యారెట్, టోఫులను సన్నని పోగులుగా తరగండి. ఎముకల నీళ్ళు మరిగాక అల్లం, మాంసం, పుట్టగొడుగులు, క్యారెట్ వేసి 7, 8 నిమిషాలు ఉడికించండి. మాంసం మెత్తబడ్డాక టోఫు, సోయా సాస్ చేర్చండి. మొక్కజొన్న పిండిని చన్నీళ్ళలోనే కలపండి, వేడినీళ్ళలో అయితే ఉండలు కడుతుంది. దానిని కలియబెడుతూ పోసి సూపు చిక్కబడనివ్వండి. ఆ తర్వాత మంట తగ్గించి, గిలకొట్టిన గుడ్డును సన్నని ధారగా పోస్తూ మెల్లగా తిప్పండి. చిక్కదనం వల్ల గుడ్డు తీగలుగా సాగి తేలుతుంది. పొయ్యి ఆపిన తర్వాతనే సిర్కా, మిరియాల పొడి కలపాలి. ముందుగా వేస్తే వాటి ఘాటు ఆవిరితో పోతుంది, పులుపుతో కలిసి ఎక్కువసేపు మరిగితే సూపు పలుచబడుతుంది కూడా. సోయా సాస్‌లో ఉప్పు ఉంటుంది కనుక రుచి చూసి చివరగా ఉప్పు వేయండి. నువ్వుల నూనె, ఉల్లికాడలు పైన చల్లండి.

రమజానులో ఇఫ్తార్ వేళకు ఖర్జూరం, నీళ్ళ తర్వాత ఈ సూపు ఎంతో హాయినిస్తుంది. ఉపవాసపు కడుపు కదా, మిరియాలు, సిర్కా సగానికి తగ్గించుకోండి.

మాంసపు పులుసు వండేటప్పుడు నీళ్ళు కాస్త ఎక్కువ పోసి పొరుగువారికీ పంపమని దైవప్రవక్త (స) అబూజర్ (రజి)కు ఉపదేశించారు. ఈ సూపుకు మరో రెండు గ్లాసుల నీళ్ళు, మరో చెంచాన్నర పిండి చేర్చి, పులుపు, కారం సరిచూసుకుంటే పక్కింటివారికీ ఒక గిన్నె సిద్ధమవుతుంది. దానిని పిల్లల చేతికే ఇచ్చి పంపండి. అందులో ఏమేమి ఉన్నాయని వారు అడిగితే, ప్రతి పదార్థం పేరూ పిల్లలే నిస్సంకోచంగా చెప్పగలరు.