ఉప్మా డబ్బా మూత, ఐరావతి నదిలో పొగపడవ

నంద్యాల నుంచి మా మనవడు బస్సు దిగి వస్తూనే టిఫిన్ డబ్బా నా చేతికిచ్చాడు. "జేజినాయనా, మూత రాలేదు. దోవంతా లాగినా."

వాళ్లమ్మ పొగలు కక్కే ఉప్మా పెట్టి గట్టిగా మూత బిగించింది. ఆళ్లగడ్డ చేరేసరికి చల్లారింది. మూత నడుమ కాస్త గుంట పడింది. వాడి వేలు పట్టుకుని ఆ గుంటను తడిమించాను.

"లోపల ఎవురూ పట్టుకోలేదు నాయనా, పైనుంచి గాలి తొక్కుతాంది."

ఉప్మా ఆవిరి డబ్బాలోని గాలిని కొంత తరిమేసి ఆ చోట తాను కూర్చుంది. చల్లారగానే నీటిబొట్లయింది. నీళ్లు మరిగి ఆవిరైతే సుమారు 1,700 రెట్లు ఉబ్బుతాయి. ఆ ఆవిరి మళ్లీ నీళ్లయితే ఆ చోటంతా ఖాళీయే. బయటి గాలి ప్రతి చదరపు సెంటీమీటరు మీదా ఒక కిలో బరువు మోపుతుంది. లోపల పూర్తిగా ఖాళీ అయితే పది సెంటీమీటర్ల వెడల్పున్న మూత మీద 80 కిలోల మనిషి కూర్చున్నట్టే.

జేమ్స్ వాట్ కాలపు ఇంజన్లు ఈ కిటుకుతోనే నడిచాయి. ఆవిరిని చల్లార్చి ఖాళీ పుట్టిస్తే, ముషలకం (పిస్టన్) అటువైపు కదులుతుంది. అట్లాంటి ఇంజన్లు రెండు, ఒక్కొక్కటి 16 గుర్రాల శక్తిది, కలకత్తా దగ్గర కిదర్‌పూర్‌లో 1823లో కట్టిన 'డయానా' పడవలో పెట్టారు. పక్కన తెడ్ల చక్రాలు, నడుమ పొగగొట్టం. మరుసటేడు ఈస్టిండియా కంపెనీ బర్మా మీదికి పోయినప్పుడు దానికి చిన్న ఫిరంగులు, కాంగ్రీవ్ రాకెట్లు తగిలించి ఐరావతి నదిలోకి తోలారు. ఆ రాకెట్లకు మూలం మన పక్కనున్న మైసూరు. టిప్పు సేన వాడినవి చూసే ఇంగ్లండులో వాటిని తయారు చేశారు. యుద్ధంలో పనిచేసిన తొలి ఆవిరి పడవల్లో డయానా ఒకటి.

బర్మా యుద్ధపు పడవలు తక్కువవేం కావు. సన్నగా, పొడుగ్గా, బాణంలా దూసుకుపోయేవి. ఒక దాంట్లో అరవైమంది తెడ్లు వేస్తున్నారనుకోండి. బలమైన మనిషి ఒక్క ఊపు మీద అర గుర్రం శక్తి చూపగలడు. అరవైమందికీ కలిపి 30 గుర్రాలు, ఇంజన్లకు దాదాపు సరిజోడు. పైగా పడవ తేలిక. అందుకే మొదట వాళ్లే ముందుండేవాళ్లు. కానీ గంటల తరబడి అయితే మనిషి నిలబెట్టగలిగేది గుర్రంలో పదోవంతే. 30 కాస్తా ఆరుకు దిగుతుంది. వెనక డయానా చక్రాలు అదే వేగంతో తిరుగుతూనే ఉంటాయి. భుజాలు పడిపోయి, ఊపిరందక ఆ తెడ్లవాళ్లు దొరికిపోయారు. ధైర్యంలో వాళ్లు ఓడలేదు. ఈ కథలో నా మనసు వాళ్ల దగ్గరే ఆగుతుంది.

ఇదంతా వాడికి చెప్పి, డబ్బాను వేడినీళ్లలో పెట్టాను. నిమిషంలో మూత టప్పుమని వదులైంది. ఉప్మా తింటూ వాడడిగాడు: "మనోళ్లు పోయినారా ఆ యుద్ధానికి?"

పోయారు. మద్రాసు సైన్యంలో తెలుగు సిపాయిలుండేవాళ్లు. 1824 మే నెలలో రంగూన్‌లో దిగగానే వానలు పట్టుకున్నాయి. 1826 ఫిబ్రవరిలో యాండబో సంధి అయ్యేలోపు కంపెనీ సైన్యంలో సుమారు 15 వేలమంది పోయారు. ఎక్కువమందిని చంపింది రోగాలే. మద్రాసు నుంచి సైన్యాన్నీ సరుకులనూ పంపిన గవర్నరు థామస్ మన్రో. ఆయన కూడా 1827 జూలై 6న మన పత్తికొండలో కలరాతోనే పోయాడు. అక్కడ ఆయన పేరిట దిగుడుబావి తవ్వించి తోపు వేశారు. సెలవుల్లో తీసుకుపోయి చూపిస్తానన్నాను.