పేరుకు కూర, తీరుకు అన్నం: కొబ్బరిపాలతో సీమ పనస

కొంతకాలం క్రితం ఒక ఇల్లాలు తన మామగారిని వెంటబెట్టుకొని సలహా కోసం వచ్చారు. పెద్దాయనకు చాలా ఏళ్లుగా మధుమేహం. మందులు వేళకు వేసుకుంటారు, ఉదయం నడుస్తారు, పథ్యం తప్పరు. అయినా ఆ నెల రక్తపరీక్షలో చక్కెర పెరిగినట్లు తేలింది. "తీపి ముట్టనివ్వలేదండీ. బంగాళాదుంప, చేమదుంప ఇంట్లోకే తేవడం మానేశాము. మామయ్యగారికి అన్నం కూడా కప్పుతో కొలిచే పెడుతున్నాను" అని ఆమె బాధపడ్డారు. మరి కూరలేమిటని అడిగితే అసలు సంగతి బయటపడింది. మంగళూరులో ఉంటున్న చెల్లెలు సంచి నిండా సీమ పనసకాయలు పంపారట. కొబ్బరిపాలు పోసి చిక్కగా వండితే పెద్దాయనకు ఎంతో నచ్చి, వారం రోజులు రెండేసి మార్లు వడ్డించుకొని తిన్నారట. "కూరే కదా అని పెట్టాను" అన్నారు ఆమె.

ఆమె తప్పేమీ లేదు. పొరపాటంతా ఆ కాయను మనం లెక్కించే తీరులో ఉన్నది. చెట్టున కాయగా కాసి, కూరగా వండబడి, విస్తరిలో కూర ఉండవలసిన చోటనే కూర్చున్నప్పటికీ, సీమ పనస స్వభావం చేత అన్నం జాతికి చెందినది. నూరు గ్రాముల సీమ పనస గుజ్జులో సుమారు 27 గ్రాముల పిండిపదార్థం ఉంటుంది. నూరు గ్రాముల వండిన అన్నంలోనూ దాదాపు అంతే. కనుక కప్పు అన్నంలో కప్పు సీమ పనస కూర కలుపుకొన్నవారు అన్నంలో అన్నమే కలుపుకొని తిన్నట్లు. ఈ ఒక్క సంగతి గుర్తుంచుకొని వండుకొంటే ఇది ఎంతో మేలైన ఆహారం. రుచి సంగతి చెప్పనే అక్కరలేదు.

సీమ నుంచి వచ్చిన పనస

సీమ చింత, సీమ వంకాయ వలెనే సీమ పనస కూడా పరాయి దేశపు మొక్క అని దాని పేరే చెబుతున్నది. మలయాళీలు శీమచక్క అనీ, కడచక్క అనీ అంటారు. కన్నడిగులు దీవి హలసు, అనగా ద్వీపపు పనస అంటారు. సింహళంలో రట దెల్ అంటారు. అక్కడ 'రట' అంటే పరదేశం. శ్రీలంక అడవులలో సహజంగా పెరిగే దెల్ చెట్టు వేరు. దాని గింజలు తింటారు. బయటి నుంచి వచ్చిన ఈ రెండవ దానికి రట దెల్ అన్న పేరు స్థిరపడింది.

దీని పుట్టిల్లు న్యూగినీ, పసిఫిక్ మహాసముద్ర ద్వీపాలు. మన పనసకు దగ్గరి బంధువే గాని, పైన ముళ్లు పదునుగా ఉండవు, లోపల తొనలుండవు. మనం కూరకు వాడే రకానికి సాధారణంగా గింజ కూడా ఉండదు. వేళ్ల నుంచి పుట్టే పిలకలే దీనికి విత్తనాలు. అందువలన ఇది గాలికో పక్షికో వ్యాపించక, మనిషి పడవలో మొక్కగా ప్రయాణం చేసింది. 1789లో బౌంటీ అనే ఆంగ్లేయుల ఓడలో నావికులు తిరగబడి కెప్టెన్ బ్లైను చిన్న పడవలో సముద్రం పాలు చేసినప్పుడు, ఆ ఓడ తాహితీ నుంచి మోసుకొని పోతున్నది వెయ్యికి పైగా సీమ పనస మొక్కలనే. కరీబియన్ దీవులలోని చెరకు తోటల బానిసలకు చవకగా తిండి పెట్టడం కోసం ఆ యత్నం. బ్లై రెండవ మారు బయలుదేరి 1793లో సెయింట్ విన్సెంట్, జమైకా దీవులకు మొక్కలను చేర్చాడు. అన్నానికి బదులుగా కడుపు నింపగలదని గుర్తించినందుననే అంత దూరం మోశారన్నది మనం గమనించవలసిన విషయం.

శ్రీలంకలో దీని గురించి ఒక కథ చెప్పుకుంటారు. ఆ దీవి తీరప్రాంతాలను 1658 నుంచి 1796 వరకు డచ్చివారు ఏలారు. సింహళీయులను లొంగదీయలేక, తింటే వేడి చేసి జబ్బున పడతారన్న దురాలోచనతో డచ్చివారు ఈ చెట్టును తెచ్చి నాటారట. ఊరివారు తెలివిగా దానిని చలువ చేసే కొబ్బరిపాలలో వండుకొని హాయిగా తిన్నారట. ఇది చరిత్ర అని నమ్మనక్కరలేదు. అయితే ఒక ద్రవ్యపు దోషానికి మరొక ద్రవ్యపు గుణాన్ని విరుగుడుగా చూచే మన ప్రాచ్య వైద్య దృష్టి ఆ పామర కథలోనూ ఉన్నది. నేటికీ అక్కడ ఉడికించిన ముక్కలను కొబ్బరికోరుతో పూట భోజనంగానూ, కొబ్బరిపాల కూరగానూ తింటారు.

ఆయుర్వేద దృష్టి

ఇక్కడ ఒక మాట నిర్మొగమాటంగా చెప్పవలసి ఉన్నది. చరక, సుశ్రుత సంహితలలో పనస ఉన్నది, దాని బంధువైన లకుచం ఉన్నది. సీమ పనస ప్రసక్తి లేదు. కనుక పనసకు చెప్పిన గుణాలన్నీ తెచ్చి దీనికి అంటగట్టడం సరి కాదు. ఒకే కుటుంబం వారైనంత మాత్రాన గుణాలు ఒకటి కావలెనన్న నియమం లేదు. పనస మనకు ఇష్టమైన ఫలమే గాని, లకుచాన్ని చరకుడు ఫలాలలో మిక్కిలి అహితమైనదిగా లెక్కించాడు. మనం చేయగలిగినది, తిన్న తరువాత శరీరంలో కనిపించే లక్షణాలను బట్టి యుక్తిగా అంచనా వేయడం. ఆ విధంగా చూస్తే సీమ పనస గురుగుణం కలది, కడుపులో నిదానంగా అరుగుతుంది, కొందరికి వాయువు చేస్తుంది.

కొబ్బరి విషయంలో మాత్రం శాస్త్రం స్పష్టంగా ఉన్నది. అది శీతవీర్యమనీ, బలకరమనీ, వాతపిత్తాలను శమింపజేసేదనీ, ఆలస్యంగా జీర్ణమవుతుందనీ భావప్రకాశం తెలుపుతున్నది. అంటే ఈ వంటకంలో రెండు బరువైన ద్రవ్యాలు కలుస్తున్నాయి. కాబట్టే అల్లం, మిరియాలు, మెంతులు, ఇంగువ ఇందులో రుచికి మాత్రమే కాదు, జఠరాగ్నిని నిలపడానికి కూడా తప్పనిసరి. పిల్లలు తినరని వీటిని తీసివేసి, పాలు మాత్రం రెట్టింపు చేసే ఇళ్లు చూశాను. ఆ పూట కడుపుబ్బరానికి కాయను నిందించి లాభం లేదు.

కొబ్బరిపాలు వాడితే విరుద్ధాహారం కాదా అని కొందరు పాఠకులు అడగవచ్చు. కొబ్బరిపాలు పేరుకే పాలు, అవి క్షీరవర్గంలోనివి కావు. నిజానికి చరక సంహిత సూత్రస్థానం 26వ అధ్యాయంలో పాలతో కలిపి తినరాదని చెప్పిన ఫలాల జాబితాలో పనస, నారికేళం రెండూ ఉన్నాయి. కనుక చిక్కదనం కోసం ఈ కూరలో ఆవుపాలు గాని, మీగడ గాని కలపకుండుట మంచిది. ఎలాగూ వాటి అవసరం రాదు. ఎందుకో వండేటప్పుడు తెలుస్తుంది.

వండే విధానం

కిలో బరువు గల కాయ ఆరుగురికి సరిపోతుంది. ముదిరినదై, పండనిదై ఉండవలెను. తొక్క ఆకుపచ్చ నుంచి కొద్దిగా పసుపు తిరిగి, పైన కారిన పాలు గోధుమరంగు మరకలుగా ఎండి, వేలితో నొక్కితే గట్టిగా ఉన్న కాయ సరియైనది. లేతకాయలో జిగురు ఎక్కువ, వెన్న వంటి మెత్తదనం రాదు. పండిన కాయ తియ్యబడి ముద్ద అవుతుంది, అది కూరకు పనికి రాదు.

చేతులకు, కత్తికి నూనె రాసుకొని కాయను నిలువునా నాలుగు చెక్కలు చేసి, తొక్క చెక్కి, నడుమనున్న మెత్తటి బెండును తీసివేసి, అంగుళం ముక్కలుగా కోయవలెను. కోసిన వెంటనే పసుపు కలిపిన నీటిలో వేస్తే నల్లబడవు.

ఒక పెద్ద కొబ్బరికాయ తురిమి, ముప్పావు కప్పు గోరువెచ్చని నీరు పోసి నూరి పిండితే వచ్చేవి చిక్కటి మొదటి పాలు. వాటిని విడిగా ఉంచి, అదే పిప్పిలో రెండు కప్పుల నీరు పోసి మళ్లీ పిండితే వచ్చేవి పలుచని రెండవ పాలు. ఈ రెండింటినీ కలిపివేయరాదు. కూర గెలుపు ఓటములు ఇక్కడే తేలుతాయి.

మందపాటి గిన్నెలో ముక్కలు, రెండవ పాలు, నిలువునా చీల్చిన నాలుగు పచ్చిమిరపకాయలు, ఎనిమిది చిన్న ఉల్లిపాయలు, అంగుళం అల్లం తరుగు, చిన్న దాల్చినచెక్క, అర చెంచా మెంతులు, పావు చెంచా పసుపు, ఒక రెమ్మ కరివేపాకు, తగినంత ఉప్పు వేసి మధ్యస్థపు సెగ మీద మూత పెట్టి ఉడికించవలెను. పదిహేను ఇరవై నిమిషాలలో కత్తిమొన సులువుగా దిగుతుంది. లంకవారు ఇందులో రంపె అనే సువాసనాకును కూడా వేస్తారు. దొరకకపోతే లోటేమీ లేదు.

ఇప్పుడు నాలుగైదు ముక్కలను గరిటెతో గిన్నె అంచుకు ఆనించి మెదపవలెను. కాయలోని పిండే పులుసును చిక్కబరుస్తుంది. శనగపిండి, బియ్యప్పిండి, మీగడ ఏవీ అక్కరలేదని పైన చెప్పినది ఇందుకే. అప్పుడు సెగ బాగా తగ్గించి మొదటి పాలు పోసి, ఒకే వైపుగా కలుపుతూ, అంచుల వెంట సన్నని బుడగలు కనిపించగానే దింపవలెను. తెర్లనిస్తే పాలు విరిగి నూనె తేలుతుంది. ఒక చెంచా కొబ్బరినూనెలో ఆవాలు, ఎండుమిర్చి, చిటికెడు ఇంగువ, మరి కొంత కరివేపాకు తాలింపు వేసి, పావు చెంచా మిరియాల పొడి చల్లి, చల్లారిన తరువాత అర చెక్క నిమ్మరసం పిండవలెను. వేడిలో పిండితే పాలు విరుగుతాయి.

ఎవరు ఎంత తినవచ్చును

పై కొలతల ప్రకారం ఒక్కొక్కరికి నూట పాతిక గ్రాముల ముక్కలు వస్తాయి. మధుమేహం గలవారు ఆ పూట అదే తూకం అన్నం తగ్గించుకోవలెను. ఇంకా మంచిది, అన్నం మాని ఈ కూరనే అన్నంగా భావించి, ప్రక్కన ఏదైనా ఆకుకూర పప్పు పెట్టుకొనడం. ఇందులో మాంసకృత్తులు నూరు గ్రాములకు ఒక గ్రాము మాత్రమే కనుక పప్పు జత కావడం అందరికీ అవసరమే. పీచుపదార్థం ఐదు గ్రాముల వరకు ఉండుట దీనిలోని సుగుణం. మలబద్ధకం గలవారికి అది మేలు చేస్తుంది.

మూత్రపిండాల వ్యాధి ఉన్నవారి సంగతి వేరు. నూరు గ్రాముల సీమ పనసలో సుమారు 490 మిల్లీగ్రాముల పొటాషియం ఉంటుంది, కొబ్బరిపాలలోనూ తక్కువ కాదు. మూత్రపిండాలు బలహీనపడినప్పుడు రక్తంలో నిలిచిపోయే పొటాషియం గుండె లయనే దెబ్బతీయగలదు. పొటాషియం తగ్గించమని వైద్యులు చెప్పినవారు, డయాలిసిస్ చేయించుకొనేవారు దీనిని వారి అనుమతి లేకుండా ముట్టరాదు. ఇంటి వైద్యం పేరుతో ధైర్యం చేయవలసిన చోటు ఇది కాదు. కొలెస్ట్రాల్ ఎక్కువగా ఉన్నవారు మొదటి పాలు మాని రెండవ పాలతోనే వండుకొనవచ్చును. మెదిపిన ముక్కల వలన చిక్కదనం వస్తుంది.

కరీబియన్ దీవులలో ఈ చెట్టు పండుటాకుల కషాయాన్ని రక్తపోటుకు త్రాగే అలవాటు ఉన్నది. అది విని రక్తపోటు మాత్రలు ఆపివేయడం ప్రాణాంతకం. చెట్టున్నవారు ఆకును కంపోస్టుకు వాడుకొని, కాయను కూరకు వాడుకొంటే చాలును.

మందాగ్ని గలవారు, జలుబు, కఫం పట్టి ఉన్నవారు ఇది మానవలెను. ఆరోగ్యవంతులైనా మధ్యాహ్న భోజనంలోనే తినవలెను, రాత్రికి తగదు. మిగిలిన కూరను ఎండాకాలంలో బయట ఉంచితే సాయంత్రానికే పులుపు తిరుగుతుంది. కాయ పెద్దదైతే అంతా ఒకేసారి వండక, సగం ముక్కలను ఉప్పునీటిలో సగం ఉడికించి, వార్చి, ఫ్రిజ్‌లో ఉంచుకొని, మరునాడు అప్పటికప్పుడు పిండిన కొబ్బరిపాలతో వండుకొనడం మేలు.