ఆరు సూర్యుళ్లున్నా చీకటి ఎలా పడింది?

ఐజాక్ అసిమోవ్ 1941లో రాసిన ‘నైట్‌ఫాల్’ కథలో లగాష్ అనే గ్రహం ఉంది. దాని ఆకాశంలో ఆరు సూర్యుళ్లు. ఒకటి కుంకినా ఇంకొకటి వెలుగుతూనే ఉంటుంది కాబట్టి అక్కడివాళ్లకు రాత్రి అంటేనే తెలియదు.

మరి చీకటి ఎలా పడింది?

లగాష్‌కు ఒక చందమామ ఉంది. నిత్యం ఉండే వెలుగులో అది కనిపించదు. శాస్త్రవేత్తలు గురుత్వాకర్షణ లెక్క కట్టి చూస్తే, గ్రహం తిరిగే దారి ఆ లెక్కకు సరిపోలేదు. కంటికి ఆననిదేదో దాన్ని లాగుతోందని అలా పసిగట్టారు. కథలో నాకు అన్నిటికన్నా నచ్చిన చోటు ఇదే! ఎందుకంటే మన ప్రపంచంలోనూ నిజంగా ఇలా జరిగింది. యురేనస్ దారిలో తేడా చూసి, లెక్కలు కట్టి, 1846లో నెప్ట్యూన్‌ను కనిపెట్టారు.

2049 ఏళ్లకోసారి లగాష్ ఆకాశంలో బీటా అనే ఎర్ర సూర్యుడు ఒక్కడే మిగులుతాడు. సరిగ్గా అప్పుడే చందమామ అడ్డొచ్చి గ్రహణం పడుతుంది. అలవాటు లేని చీకటికి జనం హడలిపోతారు. వెలుతురు కోసం దొరికిందల్లా తగలబెడతారు. నగరాలు కాలిపోతాయి, నాగరికత మళ్లీ మొదటికొస్తుంది.

చీకటి ఒక్కటే కారణం కాదు. సూర్యుళ్ల వెలుగు చాటున అన్నాళ్లూ దాగిన వేలవేల నక్షత్రాలు ఒక్కసారిగా బయటపడతాయి. విశ్వమంటే తమ ఆరు సూర్యుళ్లే అనుకున్నవాళ్లకు మతి చలించేది వాటిని చూశాకే.